ఆపేసిన కాపలా

మార్చి 4

బంగారు తల్లికి,

నాన్న రాస్తున్నాడు. ఇక్కడ నేను క్షేమం, ఒక్క పన్ను తప్ప. ఆ సంగతి తర్వాత చెప్తాను.

నీ ఉత్తరం నిన్న పొద్దున్న చేరింది. కవరు మీద నీ చేతిరాత చూసి మన బాక్సింగ్ జిమ్ము మెట్ల మీదే కూలబడ్డాను. పక్క షెడ్డు వెల్డరు పరిగెత్తుకొచ్చి, "ఏంటి గురువుగారూ, గుండెనా?" అన్నాడు. "గుండేరా, ఆగలేదు, గంతులేస్తోంది" అన్నాను. నలభై మూడు రోజులు తల్లీ. నువ్వు బతికున్నావో లేదో తెలియకుండా నలభై మూడు రోజులు ఈ ముసలాడు ఇసక సంచీతో మాట్లాడుకుంటూ గడిపాడు. నీ దవడకి కట్టిన తీగ విప్పేశారని, ఇప్పుడు నమలగలుగుతున్నావని రాశావే, ఆ ముక్క పదిసార్లు చదివాను. చదివిన ప్రతిసారీ లేచి సంచీని ఒక గుద్దు గుద్దాను. మణికట్టు వాచింది. ఆ నొప్పి కూడా తియ్యగానే ఉంది.

ఇప్పుడు పన్ను సంగతి. కిందటి నెల నీ మొగుడొచ్చాడు. పిడుగు. రింగులో ఆ పేరు పెట్టింది నేనే కదా, ఇంకేమని రాయను. లోపలికొచ్చి షట్టరు దించేసి, "అదెక్కడుంది మామా?" అన్నాడు. "తెలియదురా" అన్నాను. అప్పటికి నిజంగానే తెలియదు. గోడకున్న నిలువుటద్దాన్ని డంబెల్‌తో పగలగొట్టాడు. నా జుట్టు పట్టుకుని ఆ గాజుపెంకుల మీదకి వంచి, "ఇప్పుడు గుర్తొచ్చిందా?" అన్నాడు. రాలేదన్నాను. కడుపులో రెండిచ్చి, ఆఖర్న ఎడమచేతి హుక్కు వేశాడు. నేను నేర్పిన హుక్కే. ఎనిమిదేళ్ళు రోజూ వాడి మడమ తిప్పించి, నడుం తిప్పించి నేర్పిన హుక్కు. నీ దవడ మీద పడిందీ అదే. పన్ను అరచేతిలో ఉమ్మి, "ఇంతేనా? నేను నేర్పింది ఇంతకన్నా గట్టిగా ఉండేదే" అన్నాను. వెళ్ళిపోయాడు.

ఆ రోజు పడ్డ దెబ్బలన్నీ నిన్న నీ ఉత్తరంతో మాయమైపోయాయి.

నా చేతుల వణుకు నీకు తెలుసు. కలం పడితే కోడి కెలికినట్టుంటుంది. అందుకే నువ్వు నేర్పిన కంప్యూటర్ మీద రెండు వేళ్ళతో కొడుతున్నాను. నువ్వు చెప్పినట్టే ఫోను జోలికి పోను. అంతా కాయితమే. పైన నీ అడ్రసుతో సహా కొట్టిన ఉత్తరం ప్రింటులోంచి బయటికొచ్చేస్తుంది, కవర్లోకి పోతుంది, జిగురు పెడతాను, నా చేత్తో డబ్బాలో వేస్తాను. ఇక మూడో కంటికి కనపడే దారే లేదు.

చెయ్యి చెంప దగ్గరే ఉంచు. దించకు.

నీ నాన్న


మార్చి 10

నాన్నా,

నీ పన్ను గురించి చదివాక ఆ పూట పని చేయలేకపోయాను. ఇంకోసారి వాడొస్తే వీరుడిలా మాట్లాడకు. గట్టిగా కేకేసి పక్క షెడ్డు వాళ్ళని పిలువు.

ఫోన్ ఎందుకొద్దన్నానో మళ్ళీ చెప్తున్నాను. నేనెక్కడికి వెళ్ళినా వాడికి తెలిసిపోయేది. మార్కెట్లో ఉంటే మార్కెట్‌కి వచ్చేవాడు, ఆసుపత్రిలో ఉంటే ఆసుపత్రికి. నా ఫోన్‌లో వాడేదో పెట్టాడని ఆలస్యంగా అర్థమైంది. అందుకే దాన్ని కాలవలో పారేశాను.

నాకు పని దొరికిన చోటు ఐసు ఫ్యాక్టరీ, గది దాని వెనక మేడ మీద. పెద్ద షెడ్డు, నేలంతా ఉప్పునీళ్ళు, అమోనియా వాసన. ఈ కాయితానికి కూడా పట్టి ఉంటుంది, చూడు. డబ్బాల్లో గడ్డకట్టిన దిమ్మల్ని బయటికి తీసి, కొక్కెంతో లాగి, ఏటవాలు చెక్క కాలవ మీదికి నెడతాం. కాలవకి ఒక ఇనప అడ్డు ఉంటుంది. మీట లాగితే అడ్డు లేచి దిమ్మ దానంతటదే లారీ దాకా జారుతుంది. ఒక్కో దిమ్మ ఇద్దరు మగాళ్ళ బరువు. మొదటి రోజు నాలుగుసార్లు పడ్డాను. మేస్త్రీ నవ్వి, "పెద్ద బాక్సరువట కదమ్మా, ఇక్కడ నీ గంతులు పనికిరావు, పళ్ళేరుకోవాలి" అని అడుగున మేకులు కొట్టిన బూట్లిచ్చాడు.

నాకు మూడు పనులు చేసిపెట్టు. జిమ్ము గోడ మీద వాడి ఫోటో తీసెయ్యి. నీ ఫోన్‌లో వాడి నంబరు తీసెయ్యి. కంప్యూటర్‌లో మెయిల్ లిస్టు ఉంది చూడు, అందులో "అల్లుడు" అని నేనే ఎక్కించాను. దాని మీద నొక్కితే చెత్తబుట్ట బొమ్మ వస్తుంది, దాన్ని నొక్కు. మూడూ చేశానని రాయి.

ఇంకో మాట. వంకరైనా సరే, చేత్తోనే రాయి. నేను చదువుకోగలను.

నీ కూతురు


మార్చి 16

బంగారు తల్లికి,

నాన్న రాస్తున్నాడు. మళ్ళీ మిషన్ మీదే కొడుతున్నానని కోప్పడకు. చేత్తో మొదలుపెట్టాను. నాలుగు వరుసలకి గంటన్నర పట్టింది, అందులో రెండు నేనే చదవలేకపోయాను. ఎంత సంతోషంగా ఉన్నానో చెప్పాలంటే నాకు చాలా వరుసలు కావాలి.

నా కూతురు ఇద్దరు మగాళ్ళ బరువున్న దిమ్మని లాగుతోంది. మేకుల బూట్లేసుకుని ఉప్పునీళ్ళ మీద నిలబడుతోంది. ఈ ముక్క వెల్డరుకి చెప్పి ఛాతీ విరుచుకుందామని నాలుక చివరిదాకా వచ్చింది. ఎవరికీ చెప్పొద్దన్న నీ మాట గుర్తొచ్చి మింగేశాను. కాలు నిలవడమే బాక్సింగ్ అని నేను నెత్తీ నోరూ కొట్టుకున్నది నీకు ఐసు మీద అబ్బింది చూశావా. రాత్రి పూట తాళం వేస్తారా? నీ గది ఫ్యాక్టరీ వెనక మేడ మీదే కదా, మెట్లకి దీపం ఉందా? గేటు దగ్గర ఎవరైనా ఉంటారా? అన్నీ రాయి.

నువ్వు చెప్పినవన్నీ తీసేశాను. ఫోటో తీస్తే గోడ మీద తెల్లటి చదరం మిగిలింది. ఆ చోట నీ జిల్లా పోటీల ఫోటో పెట్టాను, ఆ ముక్కు పగిలి నవ్వుతున్నది.

ఇప్పుడొక గొప్ప సంగతి. మన కంప్యూటర్‌కి కాపలా కాసే యాంటీవైరస్ గడువు అయిపోయిందట. గంటకోసారి తెర మీదికొచ్చి పైసలు కట్టు, పైసలు కట్టు అని ప్రాణం తీసింది. నీకు ఉత్తరాలు రాసే మిషన్‌ని కాపలా లేకుండా వదిలేస్తానా? వెతికాను తల్లీ, నా అంతట నేనే వెతికాను. ఒకచోట అదే యాంటీవైరస్, పూర్తి వెర్షన్, తాళం పగలగొట్టింది, ఉచితం అని దొరికింది. కింద ఎంతమంది మెచ్చుకున్నారో. డౌన్‌లోడ్ చేశాను. ఎవరూ సాయం పట్టలేదు.

అది ఎక్కేముందు ఒక షరతు పెట్టింది. కంప్యూటర్‌లో ముందే ఉన్న కాపలాని ఆపెయ్యాలట, ఎర్ర హెచ్చరికలొస్తే పట్టించుకోకూడదట. సబబుగానే తోచింది. ఒక గేటుకి ఇద్దరు వాచ్‌మన్‌లుంటే తన్నుకుంటారు కదా. పాతవాడిని ఆపేశాను. ఎర్ర హెచ్చరిక మూడుసార్లొచ్చింది, మూడుసార్లూ పరవాలేదని నొక్కాను. ఆఖర్న ఇంత పెద్ద పచ్చ టిక్కు పడింది. "మీరు పూర్తి రక్షణలో ఉన్నారు" అని రాసుంది. చదువుకుని కాసేపు ఏడ్చాను. ఎవరైనా ఆ మాటంటే వినాలని చాన్నాళ్ళుగా ఉంది.

చెయ్యి చెంప దగ్గరే ఉంచు. దించకు.

నీ నాన్న


మార్చి 22

నాన్నా,

ఇది అందగానే చెయ్యాల్సినవి ముందు రాస్తున్నాను. కంప్యూటర్‌కి ఉన్న ఇంటర్నెట్ వైరు పీకెయ్యి. దాన్ని మళ్ళీ ఆన్ చెయ్యకు. మెయిల్ పాస్‌వర్డు వేరే కంప్యూటర్ నుంచి మార్చు. నువ్వు చెయ్యలేకపోతే నీ స్నేహితుడు రిఫరీ మామయ్య లేడూ, ఆయన కొడుకుని అడుగు.

నీ ఉత్తరంలోని ఆ పేరా ఇక్కడి గుమాస్తా అక్కకి చదివి వినిపించాను. ఆవిడ తింటున్న ముద్ద కింద పెట్టేసింది. "మీ నాన్న దొంగకి ద్వారం తీసి, వాచ్‌మన్‌కి సెలవిచ్చి, కుర్చీ కూడా వేశారమ్మా" అంది. తాళం పగలగొట్టిన యాంటీవైరస్‌లో వైరస్ పెట్టడం వాళ్ళకి చాలా తేలికట. ఎందుకంటే కాపలా నీ చేతే ఆపిస్తారు, హెచ్చరికలు నీ చేతే దాటిస్తారు. ఇక అడ్డేముంది? ఈ ఫ్యాక్టరీలోనే రెండేళ్ళ కిందట ఆవిడ అలాంటిదే ఎక్కించిందట. రికార్డులన్నీ బిగుసుకుపోయి, వారం రోజులు ఐసు ఎవరికి పోయిందో ఎవరికీ తెలియలేదట. పచ్చ టిక్కు అనేది ఒక బొమ్మ నాన్నా. ఎవరైనా గీయగలరు.

నాకు భయం వేస్తున్నది వేరే దానికి. నాకు రాసిన ఉత్తరాలు ప్రింటు తీశాక కూడా ఆ మిషన్‌లోనే ఉంటాయి. బయటికొచ్చేది నకలు. నా అడ్రసు, నా గది, మెట్లు, గేటు, అన్నీ అందులో ఉన్నాయి. లిస్టులోంచి వాడి పేరు తీసేశావు కదా, అదొక్కటే ధైర్యం.

నీ కూతురు


మార్చి 24

బంగారు తల్లికి,

నాన్న రాస్తున్నాడు, నవ్వి నవ్వి డొక్కలు పట్టేసి రాస్తున్నాడు. నీ జవాబు ఇంకా రాలేదు, కానీ ఆగలేకపోయాను.

నాలుగు రోజుల కిందట తెరంతా ఎర్రగా అయిపోయి ఒక దొంగ రాశాడు. నా కాయితాలన్నీ వాడి దగ్గరున్నాయట. మూడు రోజుల్లో పైసలు పంపకపోతే నా లిస్టులో ఉన్న ప్రతి ఒక్కరికీ పంచేస్తాడట. ఎవడికిరా భయం? నా దగ్గరున్న కాయితాలేంటి, ముప్ఫై ఏళ్ళ బాక్సింగ్ ఫోటోలు, పోటీల పట్టికలు. "పంచుకో, తర్వాత మూడు రౌండ్లకి రా, నీ రెండు పక్కటెముకలు నేను పంచుతాను" అని జవాబు కొట్టాను.

నిజంగానే పంచాడు తల్లీ. నిన్నట్నుంచి ఫోను ఆగడం లేదు. ఎప్పుడో మర్చిపోయిన శిష్యులు చేస్తున్నారు. లారీ తోలేవాడొకడు తన పదహారేళ్ళ నాటి ఫోటో చూసుకున్నాడట, కనుబొమ చీలి రక్తం కారుతూ చెయ్యెత్తినది. "గురువుగారూ, ఇది మా ఆవిడకి చూపిస్తే నమ్మింది" అని ఏడ్చాడు. ఒక దొంగ నాకింత మేలు చేస్తాడనుకోలేదు. రిఫరీ మామయ్య కూడా చేశాడు. "అమ్మాయి మేకుల బూట్లేసుకుని ఐసు లాగుతోందట కదా" అన్నాడు. నేనే ఎప్పుడో నోరు జారుంటాను. వాడు మనవాడేలే, కడుపులో పెట్టుకుంటాడు.

వెల్డరు తన పాత కంప్యూటర్ ఒకటి తెచ్చి పెట్టాడు, ఇది దాని మీద కొడుతున్నాను. నా సంతోషం నీకు సగం పంపుతున్నాను.

చెయ్యి చెంప దగ్గరే ఉంచు. దించకు.

నీ నాన్న


ఏప్రిల్ 1

నాన్నా,

ఎడమ చేత్తో రాస్తున్నాను. కుడిచేతి మూడు వేళ్ళు విరిగాయి. ఆసుపత్రిలో ఉన్నాను. ఫ్యాక్టరీకి నాకేదో ఉత్తరం వచ్చిందట, తెప్పించుకోలేదు.

గురువారం మధ్యాహ్నం వాడొచ్చాడు. లారీలు నిలిపే వైపు నుంచి లోపలికొచ్చాడు. నేను కాలవ దగ్గరున్నాను. "మేకుల బూట్లు బాగున్నాయే" అన్నాడు. తర్వాత జేబులోంచి కాయితం తీసి నీలాగే, నీ గొంతుతోనే చదివాడు. "బంగారు తల్లికి, నాన్న రాస్తున్నాడు." మెట్లకి దీపం ఉందో లేదో కూడా చూసుకునే వచ్చానన్నాడు.

మేస్త్రీ అడ్డమొస్తే ఒక్క గుద్దుకి ముక్కు చితికిపోయింది. ఆయన కళ్ళద్దాల పెంకు కనురెప్పలో దిగింది. వాడు నా జుట్టు పట్టుకుని తల ఉప్పునీళ్ళ తొట్టి అంచుకేసి మోదాడు. రెండుసార్లు గుర్తుంది. మూడోది మేస్త్రీ చెప్పాడు. కింద పడ్డాక నా కుడిచేతిని నేలకి తొక్కిపెట్టి మడమతో నూరాడు. తీరిగ్గా. వేళ్ళు ఒక్కొక్కటీ విరగడం నాకు విడివిడిగా వినిపించింది.

ఆరేళ్ళు ఎందుకు తిరగబడలేదని నువ్వెప్పుడూ అడగలేదు, కానీ నీ మొహంలో ఆ ప్రశ్న ఉంటుంది. నీ కూతురు బాక్సరు కదా. వాడు చెయ్యెత్తిన ప్రతిసారీ వాడి వెనక నువ్వు కనిపించేవాడివి నాన్నా, మడమ తిప్పరా, నడుం తిప్పరా అంటూ. నా చెయ్యి లేచేది కాదు.

ఎలాగో లేచాను. కాలవ చివర నిలబడ్డాను. వాడు నాకెదురుగా కాళ్ళు సర్దుకున్నాడు, హుక్కు కోసం. నువ్వు నేర్పినట్టే మడమ తిప్పాడు. ఉప్పునీళ్ళ మీద ఆ కాలు జారిపోయింది. కాలవ నోటి దగ్గర మోకాళ్ళ మీద పడ్డాడు. పైన దిమ్మ ఆగి ఉంది. నేను ఎడమ చేత్తో మీట లాగాను.

చూసే లాగాను. పోలీసులకి కూడా అలాగే చెప్పాను.

రెండు మోకాళ్ళూ పోయాయి. తడిబట్ట పిండినట్టు శబ్దం వచ్చింది. ఐసు మీద రక్తం ఎర్రగా ఉండదు, గులాబీ రంగులో ఉంటుంది. వాడు అరిచాడు. తల్లిని పిలవలేదు, దేవుణ్ణి పిలవలేదు. "గురువుగారూ" అని అరిచాడు.

వాడి మీద కేసు పెట్టారు. ఇక నడవలేడంటున్నారు.

నాకొక్కటి చెప్పు. ఆ కాయితం వాడికి నువ్వే ఇచ్చావా? కొట్టి లాక్కున్నాడంటే నమ్ముతాను. వాడు మారాడని ఏడిస్తే కరిగి ఇచ్చానన్నా నమ్ముతాను, వాడంటే నీకెంతో నాకు తెలుసు. అది తెలిసేదాకా నువ్విక్కడికి రావద్దు.

కూతురు


ఏప్రిల్ 6

తల్లికి,

ఇది చేత్తో రాస్తున్నాను. మూడు రోజులు పట్టినా సరే.

నేనివ్వలేదు. కానీ ఇచ్చింది నేనే. చెప్తాను.

ఆ గురువారం మధ్యాహ్నమే నీ ఇరవై రెండో తారీకు ఉత్తరం నాకందింది. ప్రింటు తీసినా ఉత్తరం మిషన్‌లోనే ఉంటుందని రాశావే, అక్కడ నా కళ్ళు ఆగిపోయాయి. అప్పుడు రిఫరీ మామయ్య మాట గుర్తొచ్చింది. పరిగెత్తి ఫోన్ చేసి, "నీకెవరు చెప్పార్రా ఐసు సంగతి?" అన్నాను. "నువ్వే పంపావుగా, ఫోటోలతో పాటు ఉత్తరాలు కూడా వచ్చాయి, కూతురి గురించి ఎంత బాగా రాశావో" అన్నాడు. మీ ఫ్యాక్టరీ నంబరు కనుక్కుని చేశాను. మోగింది, ఎవరూ ఎత్తలేదు. మళ్ళీ చేశాను. అందరూ నీ చుట్టూ ఉన్న సమయం అదేనని ఇప్పుడు తెలిసింది. సాయంత్రం మేస్త్రీ ఎత్తి, "బతికే ఉంది, మిమ్మల్ని మాత్రం రావద్దంది" అన్నాడు. సంచీ సర్దుకుని గుమ్మంలో కూర్చున్నవాణ్ణి కూర్చున్నట్టే ఉండిపోయాను.

లిస్టులో ఉన్న ప్రతి ఒక్కరికీ పంచుతానన్నాడు దొంగ. నువ్వు మూడు పనులు చెప్పావు. ఫోటో తీశాను. నంబరు తీశాను. మూడోదానికి వేలు వెళ్ళలేదు. "అల్లుడు" అన్న ఆ మాట మీద వేలు పెట్టి చాలాసేపు కూర్చున్నాను. పదమూడేళ్ళప్పుడు చొక్కా లేకుండా వచ్చి, ఇసక సంచీని కౌగిలించుకుని నిద్రపోయిన పిల్లాడు కనిపించాడు. ఎవరు చూస్తారులే అనుకున్నాను. తీసేశానని నీకు రాశాను. నీకు అబద్ధం రాయడం నా జన్మలో అదొక్కసారే.

ఆసుపత్రి నుంచి నువ్వు రాసిన ఉత్తరం చదివి ముందు ఏం చేశానో అది కూడా చెప్పాలి. వాడి మోకాళ్ళ సంగతి చదివి లేచి నిలబడి ఖాళీ జిమ్ములో గాలిని గుద్దాను. కేకలు పెట్టాను. ఇంత సంతోషం నీ గెలుపులకి కూడా పడలేదు. తర్వాత "గురువుగారూ" అన్న మాట దగ్గరికొచ్చాను. గుద్దుతున్న చెయ్యి కిందికి పడిపోయింది. ఆ రెండూ ఇంకా నాలో కొట్టుకుంటూనే ఉన్నాయి. ఏది గెలుస్తుందని నన్నడగకు.

కంప్యూటర్‌ని పగలగొడదామని సుత్తి ఎత్తాను. వెల్డరు పట్టుకున్నాడు. "గురువుగారూ, అది సాక్ష్యం" అన్నాడు. పోలీసులకిచ్చేశాను. కోర్టులో నిలబడి పేరు తియ్యనిది నేనేనని చెప్తాను. ఇచ్చేముందు రిఫరీ కొడుకు కంప్యూటర్‌లో నా మెయిల్ తెరిపించి ఆ పేరు తీశాను. చెయ్యి వణికి మొదట పాలవాడు పోయాడు, తర్వాత వడ్రంగి పోయాడు. మూడోసారికి పోయింది.

నువ్వక్కడ్నుంచి మారతావని మేస్త్రీ అన్నాడు. ఎక్కడికో నాకు రాయకు. ఈ నోటికి, ఈ చేతికి, ఈ బుర్రకి నీ అడ్రసు ఇవ్వకు. ఈ ఉత్తరం మేస్త్రీ చేత నీకందుతుంది, ఇకమీదట ఆయనకీ తెలియనివ్వకు. నేను మాత్రం రాస్తూనే ఉంటాను. రాసి, నీ జిల్లా పోటీల వెండి కప్పులో వేసి పెడతాను. నీకెప్పుడైనా రావాలనిపిస్తే వచ్చి చదువుకో. రాకపోయినా కప్పు నిండుతుంది, దానికి నేనున్నాను.

నువ్వు బతికున్నావు. అది రాస్తుంటే ఈ వయసులో సిగ్గు లేకుండా నవ్వొస్తోంది.

చెయ్యి దించకు అని ఈసారి రాయను. దించింది నేను.

నాన్న


మే 2

నాన్నా,

మార్చి ఇరవై నాలుగు నాటి ఉత్తరం కూడా తెప్పించుకుని చదివాను. దొంగకి పక్కటెముకలు పంచుతానన్న చోట నవ్వొచ్చింది. దవడ ఇంకా నొప్పెడుతోంది, నవ్వించకు.

కప్పుకి మూత పెట్టి ఉంచు. బల్లులు దూరతాయి.